ఎర్రచందనం మొక్కను గింజ నుంచి పెంచడం ఎలా?

"గింజలు వేశాను, ఒక్కటీ మొలవలేదు." "మొలిచాయి గానీ నెల తిరక్కుండానే వాలిపోయాయి." "ఎండాకాలంలో ఎండిపోయింది, పీకి పారేశాను." ఏటా ఉగాది దాటాక నన్ను అడిగేవి ఈ మూడే. ఒక్కొక్కరికీ విడిగా చెప్పేకన్నా మొదటి నుంచి చివరి దాకా ఒకచోట రాయడం మేలనిపించింది.

ఒక్క సంగతి మనసులో పెట్టుకుంటే మిగతావన్నీ సులువుగా అర్థమవుతాయి. ఇది ఎండల్లో, రాళ్లలో పుట్టిన చెట్టు. ప్రపంచం మొత్తంలో తనంతట తాను పెరిగేది తూర్పు కనుమల దక్షిణ భాగంలోనే. శేషాచలం, పాలకొండలు, లంకమల, వెలిగొండ దీని సొంత ఊళ్లు. ఉమ్మడి కడప, చిత్తూరు, నెల్లూరు జిల్లాల్లో ఎక్కువ, కర్నూలు, ప్రకాశం జిల్లాల్లో కొంత. నీళ్లు నిలవని ఎర్ర గరప నేల, మీద నలభై దాటే ఎండ. అలాంటి చోట నిలబడే చెట్టును మనం మల్లెచెట్టులా చూసుకుంటే బతకదు. నా దగ్గరికి వచ్చిన ఫిర్యాదుల్లో ఎక్కువ శాతం నీళ్లు ఎక్కువై పోయినవే.

ఎనిమిది, పది మీటర్లకు మించి అరుదుగా ఎదిగే ఈ చిన్న చెట్టు ఐయూసీఎన్ (ప్రకృతి సంరక్షణకు పనిచేసే అంతర్జాతీయ సంస్థ) ఎర్ర జాబితాలో అంతరించే ప్రమాదం ఉన్న వాటిలో ఉంది. 1995 నుంచి సైటీస్ రెండో అనుబంధంలోనూ ఉంది. సైటీస్ అంటే అరుదైన మొక్కలు, జంతువుల వ్యాపారాన్ని అదుపుచేసే అంతర్జాతీయ ఒప్పందం. కాబట్టి మీ చేతిలో బతికే ఒక్క మొక్క కూడా చిన్న విషయం కాదు.

ముందు అది ఎర్రచందనమేనా చూసుకోండి

ఎర్రగా, నున్నగా, పూసల్లా మెరిసే గింజలు ఎవరైనా "ఎర్రచందనం గింజలు" అని ఇస్తే తీసుకోకండి. అవి బండి గురివింద గింజలు. అదీ చెట్టే, మంచిదే, కానీ ఎర్రచందనం కాదు. ఈ పొరపాటు ఎంతమంది చేస్తున్నారో లెక్కలేదు. రెండేళ్లు పెంచాక చింతాకు లాంటి సన్న ఆకులు చూసి కంగారుపడి ఫోన్ చేస్తారు.

ఎర్రచందనానిది గింజలా కనపడదు, కాయలా కనపడుతుంది. చిన్న అప్పడంలా గుండ్రంగా, పలచగా, నాలుగైదు సెంటీమీటర్ల అడ్డంతో ఉంటుంది. మధ్యలో గట్టిగా ఉబ్బి, చుట్టూ ఎండుటాకులాంటి రెక్క ఉంటుంది. ఆ ఉబ్బులో మామూలుగా ఒకటే గింజ, ఎప్పుడైనా రెండు.

వేగిస కాయ కూడా ఇలాగే ఉంటుంది. కొన్ని ఊళ్లలో రోడ్ల పక్కన నీడకోసం వేసిన ఇదే జాతి విదేశీ చెట్ల కాయలూ అంతే. కాయను మాత్రమే చూసి తేల్చడం కష్టం, అందుకే చెట్టు చూడాలి. ఎర్రచందనం రెమ్మకు ఎక్కువగా మూడు ఆకులు, అరుదుగా అయిదు. వేగిసకు అయిదు నుంచి ఏడు. ముదిరిన ఎర్రచందనం బెరడు నల్లగా, మొసలి వీపులా పలకలు పలకలుగా పగిలి ఉంటుంది. ఒకసారి చూస్తే ఇక మరిచిపోరు.

ఇంకొకటి. దీనికి సువాసన ఉండదు. పేరులో చందనం ఉంది కదా అని శ్రీగంధంతో కలిపి ఆలోచించకండి. శ్రీగంధానికి పక్కన ఆసరా మొక్క కావాలి, దీనికి అక్కర్లేదు. కంది, వేరుశనగలాగే ఇదీ చిక్కుడు కుటుంబానిది. తన వేళ్ల బుడిపెల సాయంతో గాలిలోని నత్రజనిని తనే తెచ్చుకుంటుంది.

కావలసినవి

- ఈ ఏడాది కాయలు. ఇరవై మొక్కలు కావాలంటే వంద కాయలు తీసుకోండి. ఎందుకో కింద చెబుతాను. కిలోకు సుమారు వెయ్యి కాయలు తూగుతాయి.
- కత్తెర, కొమ్మలు కత్తిరించేదైతే మేలు
- బకెట్, పచ్చి ఆవుపేడ, గోనెసంచి
- ఎర్రమట్టి, ముతక ఇసుక, బాగా చివికిన పశువుల ఎరువు
- కనీసం తొమ్మిది అంగుళాల లోతున్న నర్సరీ సంచులు. పన్నెండు అంగుళాలవి దొరికితే ఇంకా మంచిది
- షేడ్‌నెట్ గానీ, కొబ్బరాకుల పందిరి గానీ
- ట్రైకోడెర్మా పొడి (వేరుకుళ్లును అడ్డుకునే మేలుచేసే బూజు), ఉంటే
- ఒక నోటుపుస్తకం

కాయల కోసం అడవిలోకి వెళ్లకండి. రిజర్వు అడవిలోంచి అనుమతి లేకుండా ఏది తెచ్చినా నేరమే. ఎర్రచందనం విషయంలో అసలు ఎవరూ ఉపేక్షించరు. అటవీశాఖ నర్సరీలో అడగండి, లేదా సొంత పొలంలో పెంచుతున్న రైతును అడగండి. ఎక్కడ కొన్నా రసీదు తీసుకుని దాచుకోండి. అది చివర్లో అక్కరకొస్తుంది.

పని మొదలు

1. కాయలు సరైన సమయంలో తీసుకోండి.

పూత వేసవిలో, పసుపు రంగులో వస్తుంది. కాయలు మరుసటి ఫిబ్రవరి, మార్చి నెలలకు పండుతాయి. ఆకుపచ్చ పోయి గోధుమరంగుకు తిరిగిన కాయే కావాలి. కింద రాలి ఎన్నాళ్లయిందో తెలియని కాయలు వద్దు, వాటిలో పురుగు ఉంటుంది. చెట్టు నుంచి కోసినవాటిని రెండు మూడు రోజులు నీడలో ఆరబెట్టండి. పాతబడేకొద్దీ మొలకశక్తి తగ్గిపోతుంది కాబట్టి వచ్చిన ఏడాదిలోనే వేసేయాలి.

2. కోసి చూడండి. ఈ మెట్టు దాటేయకండి.

చాలామంది కాయల్ని నీళ్లలో వేసి మునిగినవే మంచివనుకుంటారు. ఇక్కడ ఆ పరీక్ష పనికిరాదు. రెక్క ఉండడం వల్ల మంచి కాయ కూడా తేలుతుంది.

దానికి బదులు ఇరవై కాయలు తీసి, మధ్య ఉబ్బును కత్తెరతో అడ్డంగా కోయండి. పీచుతో గట్టిగా ఉంటుంది, వేళ్లు జాగ్రత్త. లోపల చిన్న గది కనపడుతుంది. అందులో ఎర్రటి గోధుమరంగు పలచని పొట్టుతో, చిక్కుడు గింజ ఆకారంలో ఒక గింజ ఉండాలి. గోటితో గిల్లితే లోపల తెల్లగా, గట్టిగా, కాస్త తేమగా తగలాలి. అదీ మంచి గింజ. కొన్ని గదులు ఖాళీగా ఉంటాయి. కొన్నిటిలో ముడతలు పడ్డ తొక్క మాత్రమే ఉంటుంది. కొన్నిటిలో పిండి రాలుతుంది, అంటే పురుగు తినేసింది.

నేను మొదటిసారి తెచ్చిన కాయల్ని కోయకుండానే వేశాను. నెలన్నర రోజూ వెళ్లి మడి దగ్గర కూర్చునేవాణ్ని. చివరికి మట్టి తవ్వి కాయలు కోసి చూస్తే సగానికి పైగా ఖాళీ గదులే. తప్పు నీళ్లదీ కాదు, మట్టిదీ కాదు. ఇరవైలో పన్నెండు మంచివి ఉంటే ఆ కాయలు వాడుకోండి. ఎనిమిదికి తగ్గితే వేరే చెట్టు కాయలు చూసుకోండి.

3. రెక్కలు కత్తిరించండి.

చుట్టూ ఉన్న రెక్కను ఉబ్బు దాకా, గింజకు తగలకుండా కత్తిరించండి. నీళ్లు లోపలికి త్వరగా దిగుతాయి, మడిలో చోటూ కలిసొస్తుంది.

4. నానబెట్టండి.

పచ్చిపేడను నీళ్లలో జారుగా కలిపి, కత్తిరించిన కాయల్ని అందులో మూడు రోజులు ఉంచండి. పైన రాయి పెట్టండి, లేకపోతే తేలిపోతాయి. మూడో రోజు తీసి కడిగేయండి.

పేడ దొరకనివాళ్లు మామూలు నీళ్లలోనే మూడు రోజులు నానబెట్టవచ్చు, కానీ రోజూ నీళ్లు మార్చాలి. మార్చకపోతే పులిసిపోయి గింజ కుళ్లుతుంది. మరిగే నీళ్లు పోయమని కొందరు చెబుతారు. వద్దు. తుమ్మ గింజలాగా దీనికి రాయిలాంటి పొట్టు లేదు. గట్టిగా ఉన్నది కాయే గానీ గింజ కాదు. వేడినీళ్లకు గింజ ఉడికిపోతుంది.

నాలుగైదు మొక్కలే కావాలనుకుంటే ఇంకో దారి ఉంది. కాయ అంచును కొద్దికొద్దిగా కత్తిరిస్తూ గింజను బయటికి తీసి, ఒక్క రాత్రి నానబెట్టి, నేరుగా సంచిలో పెట్టండి. ఇలా చేస్తే త్వరగా మొలుస్తుంది. అయితే గింజ పొట్టు చాలా పలచన. కత్తెర కొస తగిలిందంటే ఆ గింజ దండగే. వంద కాయలకు ఈ పని పెట్టుకోలేం.

5. మడిలో వేయండి.

ఇసుక రెండు పాళ్లు, ఎర్రమట్టి ఒక పాలు కలిపి నేలకన్నా అరడుగు ఎత్తుగా మడి కట్టండి. ఎత్తు లేకపోతే వాన పడ్డ రోజున నీళ్లు నిలుస్తాయి. కాయల్ని పక్కపక్కనే పడుకోబెట్టి, వాటిమీద ఒక వేలి మందం ఇసుక కప్పండి. అంతకన్నా లోతు వద్దు. పైన వరిగడ్డి పలచగా పరచండి. సగం ఎండ ఆపే షేడ్‌నెట్ కట్టండి.

నీళ్లు రోజుకొకసారి, పొద్దున పూట, పూలకుండీ డబ్బాతో జల్లుగా. ఇసుకలో వేలు పెడితే తేమ తెలియాలి, పిడికిలి పిండితే నీళ్లు కారకూడదు.

6. ఓపిక పట్టండి, లెక్క రాసుకోండి.

కొన్ని పది రోజులకే తల ఎత్తుతాయి. ఎక్కువ భాగం మూడో వారంలో. అక్కడక్కడా కొన్ని నెల దాటాక కూడా వస్తాయి. అందుకే ఇరవయ్యో రోజున మడి తిరగేయకండి. నలభై అయిదు రోజులు చూసి అప్పుడు ఆపండి. వేసినవాటిలో సగం మొలిస్తే మీరు బాగా చేసినట్టే. మూడోవంతు వచ్చినా నిరాశ పడాల్సిన పని లేదు. వంద కాయలు అడిగింది ఇందుకే.

మొలకలు కనపడగానే గడ్డి తీసేయండి. ఆలస్యమైతే కాండం పాలిపోయి సాగుతుంది.

ఇక్కడ చాలామందికి ఒక టెన్షన్ వస్తుంది. మొదట వచ్చే ఆకులు మూడు మూడుగా ఉండవు. ఒక్కొక్కటే, గుండ్రంగా, వెడల్పుగా వస్తాయి. "ఇది ఎర్రచందనం కాదేమో, మోసపోయానేమో" అనుకుంటారు. మోసమేమీ లేదు. మొక్క కొంత పెరిగాక మూడాకుల రెమ్మలు తొడుగుతుంది. అప్పటిదాకా ఆగండి.

7. సంచుల్లోకి మార్చండి.

ఎర్రమట్టి రెండు పాళ్లు, ఇసుక ఒకటి, చివికిన ఎరువు ఒకటి. ట్రైకోడెర్మా ఉంటే ఎరువులో ముందే కలిపి, వారం రోజులు తడి గోనె కప్పి ఉంచండి. సంచి అడుగున, పక్కలా చిల్లులు ఉన్నాయో లేదో ప్రతి సంచికీ చూడండి. పచ్చి ఎరువు మాత్రం కలపకండి. వేడికి వేరు మాడుతుంది, చెదలూ వస్తాయి.

మొలకకు రెండు, మూడు ఆకులు రాగానే, సాయంత్రం పూట మడిని తడిపి, పుల్లతో కింద నుంచి లేపి తీయండి. పట్టుకునేది ఆకును, కాండాన్ని కాదు. ఈపాటికే తల్లివేరు మొక్కకన్నా పొడుగ్గా ఉంటుంది. సంచి మట్టిలో పెన్సిల్‌తో వేరు పొడుగంత గుంట చేసి నిటారుగా దించండి. వేరు కొస మడతపడి పైకి తిరిగితే ఆ మొక్క ఏడాదిపాటు బాగున్నట్టే కనపడి, పొలంలో నాటాక గాలికి ఒరిగిపోతుంది. మడతపడిందని అనుమానం వస్తే బయటికి తీసి గుంట లోతు చేసి మళ్లీ పెట్టండి.

సంచిలో ఏడాది

మొదటి రెండు వారాలు నీడ, తర్వాత నెమ్మదిగా ఎండ. మూడో నెలకు పూర్తి ఎండలో ఉండాలి. నీడలోనే ఉంచేస్తే పొడుగ్గా, బలహీనంగా పెరుగుతుంది.

నీళ్ల సంగతి మళ్లీ చెబుతున్నాను. సంచి పైమట్టి ఎండి రంగు మారాకే పోయండి. వానాకాలంలో రోజులకు రోజులు పోయనక్కర్లేదు. మొదలు దగ్గర కాండం నల్లబడి దారంలా సన్నబడి మొక్క పక్కకు వాలిందంటే, అది మొదలుకుళ్లు. వాలిన మొక్క తిరిగి లేవదు, తీసేయండి. పక్కవాటికి నీళ్లు ఆపి, లీటరు నీటికి మూడు గ్రాముల కాపర్ ఆక్సిక్లోరైడ్ కలిపి మొదళ్లు తడిసేలా పోయండి. ఆకులు తినే పురుగులుంటే పొద్దున్నే చేత్తో ఏరేయండి. ఇరవై, ముప్పై మొక్కలకు మందు అక్కర్లేదు, ఎక్కువైతే వేపనూనె చాలు.

నెలకోసారి సంచుల్ని ఎత్తి పక్కకు జరపండి. ఇది చేయనివాళ్ల దగ్గర తల్లివేరు సంచి చీల్చుకుని కింద నేలలోకి దిగిపోతుంది. మొక్క ఏపుగా ఉందని సంతోషపడతారు. నాటే రోజున ఎత్తితే వేరు తెగుతుంది, వారంలో మొక్క పోతుంది.

ఇప్పుడు ఎండాకాలం. ఫిబ్రవరి వచ్చేసరికి ఆకులు పసుపుబారి రాలిపోతాయి. కొన్నిటికి కాండం కూడా పైనుంచి కిందికి ఎండుకుంటూ వస్తుంది. చూస్తే ఎండుపుల్ల గుచ్చినట్టే ఉంటుంది. మా ఇంట్లో ఒక ఏడాది అలాంటివి పదకొండు సంచులు కుమ్మరించాం. ఆఖరి సంచి మట్టి విదిలిస్తుంటే లోపల చిటికెన వేలంత లావు వేరు, ముల్లంగిలా, నిండుగా కనపడింది. దాని మెడ దగ్గర బియ్యపుగింజంత మొగ్గ, ఎర్రటి కొసతో. అప్పటికే మిగతా పది చెత్తకుప్పలో ఎండలో పడి ఉన్నాయి. మళ్లీ ఏరి పెట్టాం, రెండే బతికాయి.

కొండల్లో ఈ చెట్టు పిల్లలు చేసేది ఇదే. పైన ఎండిపోయి, వేరులో బలం దాచుకుని, వానకు మళ్లీ చిగురిస్తాయి. కాబట్టి పారేసే ముందు గోటితో బెరడు గీకండి. కింద పచ్చగా ఉంటే బతికే ఉంది. పైన పచ్చదనం లేకపోతే మొదలు దగ్గర గీకండి. అక్కడా లేకపోతే మట్టి కొద్దిగా తప్పించి వేరును వేలితో నొక్కండి. గట్టిగా ఉంటే మృగశిర కార్తె దాటేదాకా వదిలేయండి. మెత్తగా, నీరుకారుతూ ఉంటేనే పోయినట్టు. ఈ నెలల్లో ఆకు లేని మొక్కకు వారానికి ఒకసారి తేమ చాలు. జాలిపడి రోజూ పోస్తే దాచుకున్న వేరు కాస్తా కుళ్లుతుంది.

పొలంలో నాటడం

8. నేల చూసుకోండి. ఎర్ర గరప, రాతి మిట్ట, వాలు ఉన్న చోటు శ్రేష్ఠం. నల్లరేగడి, వరిమడి పక్క, చెరువు కింద భూమి వద్దు. అనుమానముంటే అడుగున్నర గుంట తీసి నిండా నీళ్లు పోయండి. అవి ఇంకిపోయాక మళ్లీ నింపండి. రెండోసారి పోసినవి మర్నాటికి కూడా నిలిచి ఉంటే అక్కడ నాటకండి.

9. అడుగున్నర పొడవు, వెడల్పు, లోతుతో గుంటలు వేసవిలోనే తీసి ఎండనివ్వండి. మొక్కకు మొక్కకు నాలుగు మీటర్లు. నాటే ముందు పైమట్టిలో చివికిన ఎరువు, గుప్పెడు వేపపిండి కలిపి నింపండి.

10. నాటడానికి పది రోజుల ముందు నుంచి సంచులకు నీళ్లు తగ్గించండి. రెండు మంచి వానలు పడి నేల లోపలిదాకా తడిశాక, జూలై, ఆగస్టులో నాటండి. సంచిని బ్లేడుతో కోసి, మట్టిగడ్డ చెదరకుండా దించండి. మొదలు చుట్టూ మట్టి కాస్త గుట్టగా ఎగదోసి, పాదును దానికి ఒక అడుగు దూరంగా కట్టండి. నీరు మొదలును తాకకూడదు.

11. వెంటనే ముళ్లకంప కట్టండి. మేకలకూ పశువులకూ ఈ ఆకు ఇష్టం. "రేపు కడదాం" అన్నవాళ్ల మొక్కలు చాలా పోయాయి.

మొదటి రెండు వేసవులు పది, పదిహేను రోజులకోసారి నీళ్లు ఇవ్వండి. మూడో ఏడు నుంచి వానకే వదిలేయొచ్చు. వరుసల మధ్య ఉలవ, వేరుశనగ వేసుకోవచ్చు. అరటి లాంటి నీటి పంటలు మాత్రం వద్దు.

కుండీలో పెంచొచ్చా అని అడుగుతారు. కొన్నేళ్లు ఉంటుంది, అంతే. కొమ్మ నాటితే వస్తుందా అనీ అడుగుతారు. దీని కొమ్మలకు వేరు పట్టడం కష్టం, ఇంటిదగ్గర ఆ ప్రయత్నం పెట్టుకోకండి.

సరిగా చేశారా లేదా ఎలా తెలుస్తుంది?

నాటిన రెండో నెలలో కొత్త చిగురు రావాలి. రాకపోయినా బెరడు కింద పచ్చగా ఉంటే వేచి చూడండి. మొదటి ఏడు పైకి పెద్దగా ఎదగదు, అది మామూలే. రెండో వానాకాలంలో మూడాకుల రెమ్మలతో ఒక్కసారిగా లేస్తుంది. మొదలు నుంచి రెండు, మూడు పిలకలు వస్తే నిటారుగా, బలంగా ఉన్నదాన్ని ఉంచి మిగతావి తీసేయండి. వానాకాలంలో కూడా ఆకులు పసుపుగానే ఉంటే పాదులో వేలు పెట్టి చూడండి, చాలావరకు కారణం నిలిచిన నీరే అయి ఉంటుంది.

డబ్బు గురించి అడిగేవాళ్లకు ఒకటే చెబుతాను. లోపలి ఎర్రటి చేవ చాలా నెమ్మదిగా పడుతుంది. పది, పదిహేనేళ్లలో కోట్లు వస్తాయని చెప్పి మొక్కలు అమ్మేవాళ్ల మాట నమ్మి అప్పు చేయకండి. కాండం లావైనంత మాత్రాన లోపల చేవ ఉందని కాదు, పైన తెల్లచెక్కే ఎక్కువ ఉండొచ్చు.

12. చివరి పని కాగితాలది. సొంత పట్టా భూమిలో పెంచడానికి అడ్డు లేదు. కానీ కొట్టాలన్నా, తరలించాలన్నా అటవీశాఖ అనుమతి తప్పనిసరి. అప్పుడు ఈ చెట్లు మీ పొలంలోనే పెరిగాయని చూపించాలి. అందుకే నాటిన ఏడాదే అడంగల్‌లో (ఊరి భూముల సాగు వివరాల రికార్డు) చెట్ల సంఖ్య రాయించుకోండి. మీ పరిధిలోని అటవీ రేంజ్ కార్యాలయంలో ఒక అర్జీ ఇచ్చి, అందినట్టు ముద్ర వేయించుకోండి. మొక్కల రసీదు, పాసుపుస్తకం నకలు, నాటిన రోజు ఫోటో, నోటుపుస్తకం అన్నీ ఒకే కవర్లో పెట్టి, ఆ కవరు ఎక్కడుందో ఇంట్లో పిల్లలకు కూడా చెప్పండి. ఆ చెట్టు చేవ పట్టేనాటికి కాగితాలు వెతికేది వాళ్లే.